గ్రీకు దేవతలు: ఎవరు దేనికి దేవుడు అన్న పట్టిక ఎందుకు సరిపోదు

మీరు అడిగినవి మూడు ప్రశ్నలు. గ్రీకు ముఖ్య దేవతలు పన్నెండు మందే అయితే ఒక్కో చోట ఒక్కో లిస్టు ఎందుకు కనిపిస్తోంది? జియస్ అంటే మన ఇంద్రుడేనా? ఒకే దేవతకి రెండు మూడు పుట్టుక కథలుంటే అందులో అసలుది ఏది? వీటితో పాటు చివర్లో ఇంకో మాట రాశారు: ‘జియస్ ఉరుము, పొసైడన్ సముద్రం, అథీనా తెలివి అని పట్టిక మొత్తం బట్టీ పట్టాను, అయినా ఏమీ అర్థమైనట్టు లేదు’ అని. నాకు ఆ చివరి మాటే అన్నిటికన్నా ముఖ్యంగా అనిపించింది.

డిగ్రీ పిల్లలకి ప్రాచీన చరిత్ర చెబుతూ పాతికేళ్ళు గడిపాను. మొదట్లో నేనూ ఆ పట్టికే బోర్డు మీద రాసేవాణ్ణి. పిల్లలు పరీక్షలో సరిగ్గానే రాసేవాళ్ళు. ఒకరోజు ఒకమ్మాయి లేచి, ‘వాళ్ళు ఈ దేవుళ్ళకి నిజంగా మొక్కేవాళ్ళా సార్? ఏమని మొక్కేవాళ్ళు?’ అని అడిగింది. ఆ ప్రశ్న పట్టుకుని మళ్ళీ మొదటి నుంచీ చదివాను. అప్పటి నుంచి ‘దేని దేవుడు’ అని చెప్పడం మానేసి, ఏ ఊళ్ళో, ఏ పేరుతో పిలిచి, ఏం ఇచ్చి, ఏం అడిగేవారు అన్నదే చెబుతున్నాను. మీకూ ఆ దారే చూపిస్తాను. మీ మూడు ప్రశ్నలకీ జవాబులు ఆ దారిలోనే తగులుతాయి.

జియస్ దగ్గర మొదలుపెడదాం. పాత ఏథెన్స్‌లో ఒక మామూలు గృహస్థు ఇంట్లోకి వెళ్ళామనుకోండి. సామాన్ల గదిలో ఓ మూల చిన్న జాడీ ఉంటుంది. దాని చెవులకి తెల్ల ఉన్ని చుట్టి ఉంటుంది. లోపల శుభ్రమైన నీళ్ళు, ఆలివ్ నూనె, అన్ని రకాల పళ్ళు. ఆ జాడీ జియస్ క్టేసియోస్‌ది, అంటే ఇంటి సొత్తుని కాపాడే జియస్. ఇంటి ఆవరణలో చిన్న బలిపీఠం ఉంటుంది. అది జియస్ హెర్కేయోస్, అంటే ప్రహరీ లోపల ఉండే జియస్. ఏథెన్స్‌లో ఆర్కన్ అనే పెద్ద పదవికి ఎవరైనా ఎంపికైతే, పదవిలో కూర్చోబెట్టే ముందు అతన్ని నిలబెట్టి కొన్ని ప్రశ్నలు అడిగేవారు. మీ తండ్రి ఎవరు, తాత ఎవరు అని మొదలుపెట్టి, మీ జియస్ హెర్కేయోస్ ఎక్కడున్నాడు అని అడిగేవారు. తల్లిదండ్రుల్ని బాగా చూసుకుంటున్నావా, పన్నులు కడుతున్నావా అన్నవి ఆ తర్వాతే. ఇంట్లో దేవుడున్న చోటు చెప్పగలగడమే ఊళ్ళో నీకు వేళ్ళు ఉన్నాయనడానికి రుజువు.

ఇక్కడ ఉరుము ఎక్కడా లేదు, గమనించండి. అతిథిని కాపాడే జియస్ పేరు జెనియోస్. ఒట్టుని కాపాడే జియస్ పేరు హోర్కియోస్. ఒలింపియాలో సభాభవనంలో ఈ హోర్కియోస్ విగ్రహం ఉండేది. రెండు చేతుల్లోనూ చెరో పిడుగు. ఒలింపిక్ క్రీడల ముందు ఆటగాళ్ళు, వాళ్ళ తండ్రులు, అన్నదమ్ములు, శిక్షకులు ఆ విగ్రహం ఎదుట, కోసిన అడవిపంది మాంసం ముక్కల మీద ప్రమాణం చేసేవారు: పోటీలో ఏ మోసమూ చెయ్యం అని. ఆటగాళ్ళయితే పది నెలలపాటు నియమంగా సాధన చేశామని కూడా చెప్పాలి. క్రీ.శ. 2వ శతాబ్దంలో గ్రీసంతా తిరిగి చూసినవి రాసుకున్న పౌసేనియస్ అనే యాత్రికుడు, తాను చూసిన జియస్ విగ్రహాలన్నిటిలో తప్పు చేసినవాడికి గుండె జారేలా చేసేది ఇదేనంటాడు.

ఈ విషయం నాకు పూర్తిగా తలకెక్కింది జెనఫన్ రాసుకున్న ఒక చిన్న సంఘటన వల్ల. ఈయన ఏథెన్స్‌వాడు. పర్షియాలో చిక్కుకున్న గ్రీకు కిరాయి సైన్యాన్ని వెనక్కి నడిపించుకొచ్చినవాళ్ళలో ఒకడు. క్రీ.పూ. 399లో లాంప్సకస్ అనే ఊరు చేరేసరికి ఆయన చేతిలో చిల్లిగవ్వ లేదు. గుర్రాన్ని అమ్ముకుంటే తప్ప ఇంటికి చేరలేని స్థితి. అక్కడ పాత స్నేహితుడు, జోస్యుడు ఒకాయన కలిశాడు. ఇంత పెద్ద దండయాత్ర నుంచి వచ్చి ఖాళీ చేతులంటావేమిటని ఆయన ముందు నమ్మలేదు. బలి ఇచ్చిన పశువు పేగులు చూశాక నమ్మి, నీకు జియస్ మెయిలిఖియోస్, అంటే ప్రసన్నుడైన జియస్, అడ్డుగా ఉన్నాడన్నాడు. మీ ఇంటి దగ్గర నేను చేయించేవాణ్ణే, ఆ బలి ఎప్పుడైనా ఇచ్చావా అని అడిగాడు. ఊరు విడిచాక ఇవ్వలేదన్నాడు జెనఫన్.

ఇందులో చూడాల్సిన సంగతేమిటంటే, జెనఫన్ జియస్‌ని మర్చిపోయినవాడు కాదు. బయల్దేరే ముందు డెల్ఫీలో, అపోలో జోస్యం చెప్పే గుడిలో, ఏ దేవుడికి మొక్కాలని అడిగినప్పుడు వచ్చిన పేరు రాజు జియస్, అంటే జియస్ బసిలేయస్. ఆయనకి దారిలో బలులు ఇస్తూనే వచ్చాడు. అయినా ఇంటి దగ్గర కొలిచే మెయిలిఖియోస్ బాకీ అలాగే ఉండిపోయింది. మర్నాడు తాతలనాటి పద్ధతిలో పందుల్ని పూర్తిగా కాల్చి అర్పించాడు. అదే రోజు సైన్యానికి డబ్బు పట్టుకుని ఇద్దరు అధికారులు వచ్చారు. ఆయన 50 పర్షియన్ బంగారు నాణేలకి, అంటే డారిక్‌లకి అమ్ముకున్న గుర్రాన్ని వాళ్ళే తిరిగి కొని తెచ్చి ఇచ్చారు, డబ్బు తీసుకోలేదు. ఏథెన్స్ రేవు పిరేయస్‌లో ఈ మెయిలిఖియోస్‌కి చెక్కించిన రాతిపలకలు దొరికాయి. వాటిలో కొన్నిటి మీద జియస్ అంటే గడ్డం, సింహాసనం ఉన్న రాజు కాదు, చుట్టలు చుట్టుకుని తలెత్తిన పెద్ద పాము. పట్టికలో ‘జియస్: ఉరుము’ అని ఒక్క గడిలో రాసేస్తే ఈ పాము, ఆ జాడీ, ఆ రెండు పిడుగుల ఒట్టు దేవుడు ముగ్గురూ మాయమైపోతారు. మీకు ఏమీ అర్థం కానట్టు అనిపించడానికి కారణం అదే, మీ తెలివిలో లోపం కాదు.

ఇక పన్నెండు లెక్క. సంఖ్య స్థిరం, పేర్లు స్థిరం కాదు. ఏథెన్స్ నడిబజారులో పన్నెండు దేవతల బలిపీఠం ఒకటి క్రీ.పూ. 522 ప్రాంతంలో కట్టారు. అక్కణ్ణుంచే ఊరి దూరాలు కొలిచేవారు. క్రీ.పూ. 447లో మొదలైన పార్థెనన్ గుడిలో తూర్పువైపు శిల్పాల వరసలో పన్నెండు మంది కూర్చుని కనిపిస్తారు: జియస్, హేరా, అథీనా, పొసైడన్, డిమీటర్, అపోలో, ఆర్టెమిస్, ఆఫ్రొడైటీ, హెర్మీస్, హెఫీస్టస్, ఏరీస్, డయోనిసస్. అదే ఒలింపియాకి వెళ్తే ఆరు జంట పీఠాలు, పన్నెండు మంది. కానీ అక్కడ ఆల్ఫియస్ అనే నది ఉంది, జియస్ తల్లిదండ్రులు క్రోనస్, రియా ఉన్నారు. ఆ ఊరికి ఆ నది ప్రాణం కాబట్టి నదికి పీట వేశారు. అంటే మీరు చూసిన లిస్టుల్లో ఏదో ఒకటి తప్పని కాదు, అవి వేర్వేరు ఊళ్ళ లిస్టులు.

హెస్టియా తన స్థానాన్ని డయోనిసస్‌కి ఇచ్చి పక్కకి తప్పుకుందని ఒక కథ ఇంటర్నెట్‌లో బాగా తిరుగుతుంది. ప్రాచీన గ్రంథాల్లో అది లేదు. రెండు లిస్టుల మధ్య తేడాని అతకడానికి ఆధునిక కాలంలో పుట్టిన కథ. నాకు ఇది కాస్త బాధ కలిగించే విషయం, ఎందుకంటే హెస్టియా అంటే పొయ్యి, ఇంటి నిప్పు. ఆవిడకి కథలు దాదాపు లేవు, అందుకే పుస్తకాల్లో రెండు వాక్యాలతో సరిపెడతారు. కానీ విందులో మొదటి ధార, చివరి ధార ఆవిడకే పోసేవారు. బిడ్డ పుట్టిన కొద్ది రోజులకి ఎత్తుకుని పొయ్యి చుట్టూ తిప్పితే గానీ ఆ బిడ్డ ఇంటి మనిషి అయ్యేది కాదు. దూర దేశంలో కొత్త ఊరు కట్టుకోవడానికి వెళ్ళేవాళ్ళు సొంత ఊరి నిప్పు వెంట పట్టుకెళ్ళేవారు. యుద్ధ దేవుడు ఏరీస్‌ది దీనికి తలకిందులు: కథలు బోలెడు, గుళ్ళు తక్కువ. హోమర్ అనే ప్రాచీన కవి కావ్యం ఇలియడ్‌లో సొంత తండ్రి జియసే ఒలింపస్ మీదున్న దేవుళ్ళందరిలోకీ నువ్వంటేనే నాకు అసహ్యం అంటాడు. కథల లెక్క వేరు, పూజల లెక్క వేరు.

చనిపోయినవాళ్ళ లోకానికి రాజైన హేడీస్ పేరు పై లిస్టుల్లో లేదు, ఆయన ఉండేది భూమి అడుగున కాబట్టి. ఆయన్ని యముడని అనువదించడం చాలాచోట్ల చూస్తున్నాను. అలా రాస్తే తప్పుదారి పడతారు. హేడీస్ ప్రాణాలు తీయడు, ఆ పని థనటోస్ అనే మృత్యువుది. ఆత్మల్ని దారి చూపించి తీసుకెళ్ళేది హెర్మీస్. పాపపుణ్యాల తీర్పు మైనోస్, రాడమాంథస్, ఏయకస్ అనే ముగ్గురు పూర్వపు రాజుల చేతిలో పెట్టారు. హేడీస్ చేసేదల్లా వచ్చినవాళ్ళని తిరిగి పోనివ్వకపోవడం. ఆ పేరు పలకడానికే జంకి ప్లూటన్ అనేవారు, అంటే సంపద గలవాడు. పంట మొలిచేదీ, లోహం దొరికేదీ భూమిలోంచే కదా.

జియస్, ఇంద్రుడు. ఇద్దరూ దేవతలకి రాజులు, ఇద్దరి చేతిలోనూ పిడుగు, కాబట్టి పోలిక తోచడం సహజం. కానీ పేరు ప్రకారం జియస్‌కి చుట్టం ఇంద్రుడు కాదు, ఋగ్వేదంలోని ద్యౌః. అక్కడ ‘ద్యౌష్పితా’ అంటే ఆకాశం అనే తండ్రి. గ్రీకులు జియస్‌ని పిలిచేటప్పుడు ‘జెయు పాటెర్’ అంటారు. రోమన్ల జూపిటర్‌లో ఉన్నదీ ఇదే తండ్రి. ఈ మూడూ ఒకే పాత మాట నుంచి వచ్చాయన్నది భాషాశాస్త్రంలో గట్టిగా నిలబడిన విషయం. మన వైపు ద్యౌః వెనక్కి తగ్గి పిడుగు ఇంద్రుడి చేతికి వెళ్ళింది, గ్రీసులో ఆకాశమే పిడుగు పట్టుకుంది. అలాగే వాళ్ళ తెల్లవారుజాము దేవత ఏయోస్, మన ఉషస్సు ఒకే మాట. అయితే ఇంతటితో ఆగాలి. వరుణుడు, గ్రీకుల ఆకాశ దేవుడు యురేనస్ ఒకటేనని పాత పుస్తకాల్లో రాసేవారు. ఇప్పుడు భాషావేత్తల్లో ఎక్కువమంది దాన్ని ఒప్పుకోరు. శబ్దం దగ్గరగా ఉంటే చాలదు, ఆ రెండు భాషల్లో అక్షరాలు మారే పద్ధతికి కుదరాలి. ఇలాంటిదే ఇంకో పొరపాటు: జియస్ తండ్రి క్రోనస్‌ని కాలపురుషుడు అనడం. కాలం అనే గ్రీకు మాట వేరే అక్షరంతో మొదలవుతుంది. తెలుగులో రెండిటినీ ఒకేలా రాస్తాం కాబట్టి మనకి ఇంకా సులభంగా కలిసిపోతాయి. ప్రాచీనులు కూడా కొందరు కావాలనే కలిపారు, కానీ పుట్టుకలో రెండూ వేరు.

ఈ పేర్లు ఎంత పాతవో 1952 దాకా రుజువుతో తెలియదు. ఆ ఏడాది మైకేల్ వెంట్రిస్ అనే ఇంగ్లీషు ఆర్కిటెక్ట్, పైలోస్, నోసస్ రాజభవనాల్లో దొరికిన మట్టిపలకల లిపిని ఛేదించాడు. అవి పురాణాలు కావు, గిడ్డంగి లెక్కలు: ఫలానా దేవుడికి ఇంత నూనె, ఇంత తేనె. ఆ లెక్కల్లో జియస్, హేరా, పొసైడన్, హెర్మీస్ పేర్లున్నాయి. క్రీ.పూ. 13వ శతాబ్దం నాటికే వీళ్ళకి సరుకు కొలిచి ఇస్తున్నారన్నమాట. డయోనిసస్ బయటి దేశం నుంచి ఆలస్యంగా వచ్చిన దేవుడని అప్పటిదాకా పండితులు నమ్మేవారు. ఆయన పేరూ ఆ పలకల మీద బయటపడింది. భవనాలు తగలబడినప్పుడు పచ్చిమట్టి పలకలు కాలి గట్టిపడ్డాయి కాబట్టే ఈ లెక్కలు మనదాకా వచ్చాయి.

మన దేశంతో నిజమైన సంబంధం కావాలంటే నాణేలు చూడండి. మిళిందుడిగా మనకి తెలిసిన గ్రీకు రాజు మెనాండర్ క్రీ.పూ. 2వ శతాబ్దంలో వాయవ్య భారతాన్ని ఏలాడు. ఆయన వెండి నాణెం ఒకవైపు రాజు తల, చుట్టూ గ్రీకు అక్షరాలు. తిప్పి చూస్తే అథీనా పిడుగు విసురుతూ నిలబడి ఉంటుంది, ఆవిడ చుట్టూ ఖరోష్ఠి లిపిలో, ప్రాకృతంలో ‘మహారజస త్రతరస మెనంద్రస’, అంటే రక్షకుడైన మహారాజు మెనాండర్‌ది అని. బొటనవేలి గోరంత వెండిలో రెండు భాషలు, ఒక గ్రీకు దేవత. మ్యూజియంలో ఎక్కడైనా కనిపిస్తే తొందరపడకుండా నిలబడి చూడండి.

అసలు కథ ఏది అన్నదానికి సూటిగా చెప్తాను: అసలుది అంటూ లేదు. ఇలియడ్ ఒక్కదాన్నే తీసుకోండి. మొదటి సర్గలో కమ్మరి దేవుడు హెఫీస్టస్, జియస్ నన్ను కాలు పట్టి విసిరేస్తే రోజంతా పడుతూ పడుతూ లెమ్నోస్ దీవిలో పడ్డానని చెప్పుకుంటాడు. 18వ సర్గలో అదే హెఫీస్టస్, కుంటివాణ్ణని తల్లి హేరాయే నన్ను పారేస్తే సముద్రంలో థెటిస్ అనే సముద్ర దేవత కాపాడిందంటాడు. ఒకే కావ్యం, ఒకే దేవుడు, రెండు కథలు. ఆఫ్రొడైటీ హోమర్‌లో జియస్, డయోనీల కూతురు, హీసియడ్ అనే మరో పాత కవి దగ్గర సముద్రపు నురగలోంచి పుట్టింది. గ్రీకులకి అందరూ ఒప్పుకున్న మతగ్రంథం లేదు, ఇదే సరైన పాఠమని తేల్చే పీఠం లేదు. క్రీ.పూ. 5వ శతాబ్దంలోనే హెరొడోటస్ అనే చరిత్రకారుడు, దేవుళ్ళ వంశాలు, బిరుదులు, రూపాలు గ్రీకులకి అమర్చిపెట్టింది హోమర్, హీసియడ్‌లే, అదీ తనకి 400 ఏళ్ళ కిందట అని రాశాడు. కాబట్టి ‘ఏది నిజం’ అని కాకుండా ‘ఎవరు, ఎప్పుడు చెప్పారు’ అని అడగడం అలవాటు చేసుకోండి. మెడూసా ఒకప్పుడు అందగత్తె అనీ, గుడిలో జరిగిన అత్యాచారానికి అథీనా ఆమెనే శిక్షించి జుట్టుని పాములు చేసిందనీ మీరు చదివే ఉంటారు. అది ఓవిడ్ అనే రోమన్ కవి సుమారు క్రీ.శ. 8లో చెప్పిన రూపం. దానికి 700 ఏళ్ళ ముందు హీసియడ్‌లో మెడూసా రాక్షస వంశంలోనే పుట్టింది. ఓవిడ్ కథ గొప్పదే, కానీ దాన్ని పట్టుకుని ‘గ్రీకులు అథీనాని ఇలా అనుకునేవారు’ అంటే పొరపాటు.

నాకు అన్నిటికన్నా దగ్గరైన దేవత డిమీటర్. కూతురు పెర్సెఫొనీని హేడీస్ ఎత్తుకుపోయాక ఈ తల్లి తొమ్మిది రోజులు అన్నం, స్నానం లేకుండా కాగడాలు పట్టుకుని వెతుకుతుంది. చివరికి ముసలమ్మ వేషంలో ఎలూసిస్ ఊరి బావి దగ్గర కూర్చుంటుంది. కంచు బిందెలతో నీళ్ళకొచ్చిన రాజుగారి కూతుళ్ళు, ఎవరమ్మా నువ్వు, ఊరి బయట ఒంటరిగా కూర్చున్నావేం, ఇంట్లోకి రాకూడదా అని పలకరిస్తారు. ఇంట్లో ద్రాక్షసారా ఇస్తే వద్దంటుంది. బార్లీ, నీళ్ళు, పుదీనా కలిపి ఇమ్మంటుంది. తర్వాత కోపంతో విత్తనం మొలకెత్తకుండా ఆపేస్తే జియస్ దిగిరావాల్సి వస్తుంది. కూతురు తిరిగొస్తుంది కానీ కింద ఒక దానిమ్మగింజ తింది కాబట్టి ఏడాదిలో మూడో వంతు అక్కడే ఉండాలి.

ఎలూసిస్ ఏథెన్స్‌కి 20 కిలోమీటర్ల దూరం. ఏటా శరదృతువు మొదట్లో వేలమంది నడిచి వెళ్ళేవారు. ఆడా మగా, బానిసలు కూడా. ఎవరి పందిపిల్లని వాళ్ళు సముద్రంలో కడిగి బలి ఇచ్చేవారు, అమ్మవారు తాగిన ఆ బార్లీ పానీయమే తాగేవారు, రాత్రి పెద్ద మంటపంలో ఏదో చూసేవారు. చూసింది చెబితే మరణశిక్ష. దాదాపు వెయ్యేళ్ళు అలా నడిచింది, లోపల చూపించింది ఏమిటో చూసినవాళ్ళెవరూ వివరంగా రాయలేదు. నేనక్కడికి బస్సులో వెళ్ళాను. చుట్టూ ఆయిల్ రిఫైనరీలు, ఫ్యాక్టరీ గొట్టాలు. గేటు దాటి నాలుగడుగులు వేస్తే రాతి అంచు కట్టిన పాత బావి ఉంది. దాని పక్కన చాలాసేపు నిలబడ్డాను.

క్రీ.శ. 4వ శతాబ్దం చివర్లో చక్రవర్తి నిషేధంతో, ఆ వెంటనే గోత్‌లు అనే తెగ దాడితో ఆ గుడి ఆగిపోయింది. దేవత ఆగలేదు. 1801లో ఎడ్వర్డ్ క్లార్క్ అనే ఇంగ్లీషు యాత్రికుడు వెళ్ళేసరికి, కళ్ళం దగ్గర మెడదాకా పేడతో కప్పి ఉన్న ఒక పెద్ద పాలరాతి స్త్రీ విగ్రహాన్ని ఊరివాళ్ళు పొలాల పంటకోసం కొలుస్తున్నారు. పండగనాడు దీపం పెట్టేవారు. అది ఉన్నంతవరకే పంట అని వాళ్ళ నమ్మకం. అతను దాన్ని తీసుకుపోవడానికి సిద్ధమైన ముందు సాయంత్రం ఒక ఎద్దు కాడి తెంచుకొచ్చి ఆ విగ్రహాన్ని కొమ్ములతో పొడిచి, రంకెలు వేస్తూ పొలాల్లోకి పరిగెత్తిందట. ఊరంతా గొల్లుమంది. ఈ సంగతి రాసింది విగ్రహాన్ని పట్టుకుపోయిన క్లార్కే. ఓడ ఇంగ్లండ్ తీరంలో బీచీ హెడ్ దగ్గర మునిగింది, విగ్రహాన్ని మాత్రం పైకి తీశారు. అది డిమీటర్ విగ్రహం కాదనీ, తలమీద పూజాపేటిక మోసే స్త్రీ శిల్పమనీ తర్వాత తేల్చారు. ఇప్పుడు కేంబ్రిడ్జిలో ఫిట్జ్‌విలియం మ్యూజియంలో ఉంది. దీపం పెట్టినవాళ్ళకి మాత్రం ఆవిడ డిమీటరే. నా విద్యార్థిని అడిగిన ప్రశ్నకి ఇప్పుడైతే ఈ పేడకళ్ళం చూపిస్తాను.

ఎక్కడ మొదలుపెట్టాలి అంటే, పెద్ద సంకలనాలు, పేర్ల నిఘంటువులు పక్కన పెట్టండి. హోమర్ పేరుమీద చలామణి అయ్యే డిమీటర్ స్తోత్రం మొదట చదవండి. 495 పంక్తులే, ఒక సాయంత్రం చాలు. ఇంగ్లీషు అనువాదాలు ఉచితంగా దొరుకుతాయి. ఆ తర్వాత హీసియడ్ రాసిన దేవతల వంశావళి, అది వెయ్యి పంక్తుల పైచిలుకు. ఇలియడ్ మూడోది. చదువుతూ ఒక నోటుపుస్తకంలో దేవుడి పేరు పక్కన ‘దేని దేవుడు’ అని కాకుండా ఊరు, ఆ ఊళ్ళో పిలుపు, ఇచ్చిన బలి, అడిగిన కోరిక రాసుకోండి. స్తోత్రం చివరికొచ్చేసరికి కొన్ని పంక్తులు సగంలో తెగిపోయి కనిపిస్తే కంగారు పడకండి, మీ కాపీ తప్పు కాదు. ఆ కావ్యానికి మిగిలింది 1777లో మాస్కోలో దొరికిన ఒకే ఒక్క రాతప్రతి, అందులో ఒక ఆకు చిరిగిపోయింది.